తుపాకీ దించాక చరిత్ర చేతపట్టిన హవల్దారు

సైనిక చరిత్ర అంటే సేనాధిపతుల చరిత్రే అన్నట్టు మనకు నేర్పారు. ఆ చరిత్రను అణగారిన కులాల హక్కుల కోసం వాడిన తొలితరం మనిషి గోపాల్ బాబా వలంగ్‌కర్.

కొంకణ్ ప్రాంతపు మహర్ అయిన ఆయన బొంబాయి సైన్యం నుంచి 1886లో హవల్దారుగా రిటైరయ్యారు. 1888లో అంటరానితనాన్ని నిలదీస్తూ 'విటాళ్ విధ్వంసన్' రాశారు. 1890ల మొదట్లో 'యోధ జాతుల' సిద్ధాంతంతో బ్రిటిష్ వాళ్లు మహర్ల భర్తీ ఆపేశారు. 1818లో కోరెగావ్‌లో కంపెనీ కోసం చనిపోయినవాళ్లలో మహర్లూ ఉన్నారు. వాళ్ల వారసులే ఇప్పుడు యుద్ధానికి పనికిరాని జాతి అయ్యారు! పోయింది జీతం, పెన్షనే కాదు. సిపాయిల పిల్లలకు చదువు చెప్పిన సైనిక బడి కూడా.

1894లో వలంగ్‌కర్ సర్కారుకు అర్జీ సిద్ధం చేశారు. మహర్ల సైనిక సేవను గుర్తుచేశారు. మేం ఒకప్పటి క్షత్రియులమనీ వాదించారు. ఈ రెండో వాదన కులం నిచ్చెనను కూల్చదు, అందులో మెట్టు మాత్రమే మారుస్తుంది. మొదటిది అలా కాదు. చేసిన పనికి లెక్క అడుగుతుంది.

నిషేధం వెంటనే తొలగలేదు. కానీ ఆ దారి మూసుకుపోలేదు. సుబేదారు కొడుకైన అంబేడ్కర్ 1927 జనవరి 1న కోరెగావ్ స్తంభం దగ్గర నిలబడి అదే లెక్క అడిగారు. 1941లో మహర్ రెజిమెంట్ ఏర్పడింది.

మన వాడల్లోనూ రిటైరైన సైనికులున్నారు. వాళ్ల సర్వీసు పుస్తకాలు, జ్ఞాపకాలు చెదలు పట్టకముందే రాసి పెట్టుకుందాం. మన చరిత్రను మనం రాయకపోతే, మనం లేని చరిత్రే మిగులుతుంది.