సురవరం ప్రతాపరెడ్డి

సురవరం ప్రతాపరెడ్డి (మే 28, 1896 - ఆగష్టు 25, 1953) తెలంగాణాకు చెందిన ప్రముఖ పత్రికా సంపాదకుడు, పరిశోధకుడు, సాహితీవేత్త. నిజాం పాలనాకాలంలో తెలుగు సాహిత్యానికి, సాంస్కృతిక సంస్థలకు వేదికగా నిలిచిన గోలకొండ పత్రికకు ఇతడు సంపాదకుడు.

బాల్యము, విద్య

ప్రతాపరెడ్డి గద్వాల సంస్థానంలోని బోరవెల్లిలో జన్మించాడు. స్వగ్రామం ఇటికాలపాడు. మద్రాసులో బి.ఎ. చదివాడు; బి.ఎల్. కూడా పూర్తి చేశాడు. కొంతకాలం న్యాయవాద వృత్తిలో ఉండి, పిమ్మట పత్రికారంగంలో ప్రవేశించాడు. హైదరాబాదులోని రెడ్డి హాస్టలు నిర్వహణలోనూ పాలుపంచుకున్నాడు.

నాటి పరిస్థితులు

ఆ కాలంలో హైదరాబాదు రాజ్యంలో అధికార భాష ఉర్దూ. 1918లో స్థాపించబడిన ఉస్మానియా విశ్వవిద్యాలయంలో బోధన ఉర్దూలోనే సాగేది. ప్రజలలో అధికులు తెలుగువారైనను, నగరంలో తెలుగు మాటకు తగిన గౌరవం ఉండేది కాదు. 1921లో వివేకవర్ధని పాఠశాలలో జరిగిన ఒక సభలో తెలుగులో ప్రసంగించబోయిన అల్లంపల్లి వెంకటరామారావును సభికులు ఎగతాళి చేశారు. ఈ అవమానమే ఆంధ్ర జనసంఘం ఏర్పడుటకు కారణమైంది. తరువాత వచ్చిన గస్తీ నిషాన్ 53 అనే ఉత్తర్వు వలన సభలు జరుపుటకు ముందుగా ప్రభుత్వ అనుమతి పొందవలసి వచ్చింది. ఇట్టి నిర్బంధాల మధ్య గ్రంథాలయాలు, సాహిత్య సభలే తెలుగువారు ఒకచోట చేరుటకు ఆధారమయ్యాయి.

గోలకొండ పత్రిక

1926 మే 10న గోలకొండ పత్రిక ప్రారంభమైంది. వారానికి రెండుసార్లు వెలువడేది. గ్రంథాలయోద్యమాన్ని ప్రోత్సహించి, స్థానిక రచయితలకు చోటు కల్పించి, దూరదూరంగా ఉన్న పాఠకులను, రచయితలను ఈ పత్రిక ఒకరికొకరిని పరిచయం చేసింది. ప్రతాపరెడ్డి పలు కలం పేర్లతో కూడా రచనలు చేశాడు. 1930లో జోగిపేటలో జరిగిన ప్రథమ నిజాం రాష్ట్ర ఆంధ్ర మహాసభకు అధ్యక్షత వహించాడు.

గోలకొండ కవుల సంచిక

తెలంగాణాలో తెలుగు కవులు పూజ్యమని ఒక పండితుడు వ్రాయగా, ప్రతాపరెడ్డి వాదవివాదాలతో సరిపెట్టుకొనలేదు. కవుల పద్యాలను, వివరాలను ఊరూరి నుండి సేకరించి, 354 మంది కవులతో 1934లో గోలకొండ కవుల సంచికను ప్రచురించాడు. వీరిలో పలువురి పేర్లు అంతకుముందు తమ ప్రాంతం దాటి తెలియవు. కవులు లేక కాదు, వారిని నమోదు చేసినవారు లేకనే ఆ అపవాదు పుట్టిందని ఈ సంచిక నిరూపించింది.

ఆంధ్రుల సాంఘిక చరిత్ర

1949లో వెలువడిన ఈ గ్రంథంలో రాజుల యుద్ధాలకు బదులు ప్రజల ఆహారం, దుస్తులు, ఆటలు, పండుగలు, వినోదాలు ప్రధాన విషయాలు. ఇందుకు కావ్యాలను, శాసనాలను, సామెతలను ఆధారాలుగా గ్రహించాడు. సామాన్యుని నిత్యజీవితాన్ని గమనించే పాత్రికేయుని దృష్టి ఈ గ్రంథమంతటా కానవస్తుంది. కేంద్ర సాహిత్య అకాడమీ 1955లో తెలుగుకు ఇచ్చిన మొట్టమొదటి పురస్కారం ఈ గ్రంథానికే లభించింది. అప్పటికి రచయిత జీవించి లేడు.

చివరి దశ, స్మృతి

1952 ఎన్నికలలో వనపర్తి నుండి హైదరాబాదు శాసనసభకు ఎన్నికయ్యాడు. మరుసటి సంవత్సరమే మరణించాడు. హైదరాబాదులోని ట్యాంక్‌బండ్‌పై ఇతని విగ్రహం ఉంది. 2025లో తెలంగాణ శాసనసభ తెలుగు విశ్వవిద్యాలయానికి ఇతని పేరు పెట్టే బిల్లును ఆమోదించింది.