బిలాస్‌పూర్ నుంచి బైరాన్‌పల్లి దాకా: యుద్ధం, సైనికులు, ఊళ్లు

బిలాస్‌పూర్‌లో రాఘవేంద్రరావు సభా భవన్ అని ఒక హాలుంది. ఆ పేరు ఒక తెలుగువాడిదని ఆ ఊరి రైల్వే కాలనీల్లో ఉండే మనవాళ్లలో ఎంతమందికి తెలుసు? ఏడ్పుగంటి రాఘవేంద్రరావు 1889లో నాగపూర్ పక్కన కాంప్టీలో పుట్టారు. బారిస్టరు చదివి, బిలాస్‌పూర్ మున్సిపాలిటీకి అధ్యక్షుడై, 1936లో కొన్ని నెలలపాటు సెంట్రల్ ప్రావిన్సెస్‌కు తాత్కాలిక గవర్నరుగా కూడా పనిచేశారు. 1941లో వైస్రాయి కార్యనిర్వాహక మండలిలో ఆయనకు అప్పగించిన శాఖ పౌర రక్షణ. సైన్యాన్ని నడపడం వేరేవాళ్ల పని. బాంబులు పడితే మామూలు జనం బతికి బట్టకట్టేలా చూడడం ఈయన పని.

ఆ కుర్చీలో కూర్చున్న కొద్ది నెలలకే, డిసెంబర్ 23న, జపాన్ విమానాలు రంగూన్ మీద బాంబులు వేశాయి. అక్కడి రేవులోనూ మిల్లుల్లోనూ ఒళ్లు హూనం చేసుకునే కూలీల్లో తెలుగువాళ్లు వేలల్లో ఉండేవాళ్లు. ఓడల్లో చోటు దొరకనివాళ్లు పిల్లాపాపలతో కొండలూ అడవులూ దాటి కాలినడకన బయల్దేరారు. అలా దేశం చేరినవాళ్లు లక్షల్లో ఉంటే, దారిలోనే రాలిపోయినవాళ్లు వేలల్లో ఉన్నారు. 1942 ఏప్రిల్ 6న విశాఖ, కాకినాడల మీదా బాంబులు పడ్డాయి. విశాఖ రేవుకు సరుకు మోసిందీ, బిలాస్‌పూర్‌ను రైల్వే పట్నం చేసిందీ ఒకే కంపెనీ, బెంగాల్ నాగపూర్ రైల్వే. 1931లో రాయ్‌పూర్–విజయనగరం లైను పూర్తవడంతో ఛత్తీస్‌గఢ్‌కూ మన తీరానికీ నేరుగా దారి పడింది. రాఘవేంద్రరావు 1942 జూన్‌లోనే కన్నుమూశారు.

బర్మా నుంచి నడిచొచ్చిన జనం అడుగుజాడలు ఆరకముందే సైన్యాలు అదే దిక్కు నుంచి వచ్చాయి. 1944 ఏప్రిల్ 14న మణిపూర్‌లో లోక్‌తక్ సరస్సు పక్కనున్న మొయిరాంగ్‌లో ఆజాద్ హింద్ ఫౌజ్ కల్నల్ షౌకత్ మాలిక్ మూడు రంగుల జెండా ఎగరేశారు. సుమారు మూడు నెలలు ఆ ప్రాంతం ఫౌజ్ చేతిలో ఉంది. ఫౌజ్‌కు అండగా నిలిచిన స్థానికుల్లో ఒకరైన కోయిరెంగ్ సింగ్, 1963లో మణిపూర్ తొలి ముఖ్యమంత్రి అయ్యారు. జర్మనీ నుంచి జలాంతర్గామిలో నేతాజీ వెంట వచ్చి, ఇంఫాల్ రంగంలో పోరాడిన ఆబిద్ హసన్ మన హైదరాబాదీ. ‘జై హింద్’ నినాదం ఆయన పెట్టిందే.

భారత్‌లో కలవడానికి నిజాం ఒప్పుకోని ఆ హైదరాబాద్ సంస్థానంలోనే, యుద్ధం ముగిసిన మూడేళ్లకు, ఊళ్లకు ఊళ్లే భారత సైన్యం కోసం ఎదురుచూశాయి. ఇక్కడ కాస్త ఆగాలి, ఎందుకంటే ఈ కథను మనం తేదీలతో సరిపెట్టేస్తుంటాం. బైరాన్‌పల్లి ఇప్పటి సిద్దిపేట జిల్లాలో ఉంది. ఊరి బురుజు మీద కావలి కాస్తూ, నాటు తుపాకులతో, వడిసెలలతో ఆ ఊరివాళ్లు నిజాం పాలనకు కొమ్ముకాసే సాయుధ ముఠాలైన రజాకార్ల దాడులను అంతకుముందే తిప్పికొట్టారు. 1948 ఆగస్టు 27న తెల్లారకముందే రజాకార్లూ, నిజాం పోలీసులూ పెద్ద బలగంతో ఊరిని చుట్టుముట్టారు. బురుజు చేతికి చిక్కాక మగవాళ్లను వరసగా నిలబెట్టి కాల్చేశారు. వందకు అటూ ఇటూగా చనిపోయారు. ఆడవాళ్ల మీద జరిగిన అఘాయిత్యాలు చెప్పడానికి నోరు రాదు. భారత సైన్యం సంస్థానంలో అడుగుపెట్టింది సెప్టెంబర్ 13న, అంటే సరిగ్గా పదిహేడు రోజుల తర్వాత. ఆ బురుజు ఇప్పటికీ ఉంది.

షోలాపూర్ వైపు నుంచి మేజర్ జనరల్ జె.ఎన్. చౌధురి, బెజవాడ వైపు నుంచి మేజర్ జనరల్ రుద్ర దళాలను నడిపారు. వెనక్కి తగ్గుతున్న నిజాం బలగాలు సూర్యాపేట దగ్గర మూసీ వంతెనను పేల్చేశాయి. అయిదు రోజుల్లో అంతా అయిపోయింది. 17న నిజాం రేడియోలో లొంగుబాటు ప్రకటించాడు.

మరి ఊళ్లలో? చాలాచోట్ల జనం సైనికులకు దండలతో ఎదురెళ్లారు. కానీ అప్పుడే కొన్ని జిల్లాల్లో ఏ పాపమూ ఎరగని ముస్లిం కుటుంబాల మీద పగ తీర్చుకోవడం మొదలైంది. నెహ్రూ పంపిన పండిట్ సుందర్‌లాల్ బృందం నవంబర్, డిసెంబర్ నెలల్లో ఊరూరూ తిరిగి చూసింది. చనిపోయినవాళ్లు 27,000 నుంచి 40,000 దాకా ఉంటారని అంచనా వేసింది. ఉస్మానాబాద్, గుల్బర్గా, బీదర్, నాందేడ్ జిల్లాలు అన్నిటికంటే ఎక్కువగా నష్టపోయాయి. కొన్నిచోట్ల సైనికులూ, పోలీసులూ కూడా ఇందులో పాలుపంచుకున్నారని ఆ నివేదికలో ఉంది. పొరుగింటి ముస్లింలను ప్రాణాలకు తెగించి కాపాడిన హిందువుల సంగతులు కూడా అందులోనే ఉన్నాయి. ఆ నివేదిక దశాబ్దాలపాటు బయటికి రాలేదు. బైరాన్‌పల్లి కోసం కన్నీళ్లు పెట్టుకునేవాళ్లు దీన్నీ చదవాలి. చచ్చినవాళ్లందరూ మన ఊళ్ల మనుషులే.

చౌధురి 1949 చివరిదాకా సైనిక గవర్నరుగా ఉన్నారు. ఆయన పాలనలోనే, 1949 ఆగస్టులో జాగీర్దారీ రద్దయింది. ఇది పేదరైతుకు నిజంగా పెద్ద మేలు. అయితే దొరలను తరిమి భూములు దున్నుకున్న రైతుల మీదికి, వాళ్లకు అండగా నిలిచిన కమ్యూనిస్టు దళాల మీదికి అదే ప్రభుత్వం సైన్యాన్ని పంపింది. రజాకార్లు పోయారని ఊపిరి పీల్చుకున్న పల్లెల్లో మళ్లీ గాలింపులు, అరెస్టులు మొదలయ్యాయి. 1951 అక్టోబర్ 21న సాయుధ పోరాటాన్ని విరమించారు.

ఆ తర్వాత వచ్చిన తొలి సాధారణ ఎన్నికల్లో హైదరాబాద్ రాష్ట్రంలో కమ్యూనిస్టు పార్టీ మీద నిషేధం ఉంది. అందుకని రావి నారాయణరెడ్డి పీపుల్స్ డెమోక్రటిక్ ఫ్రంట్ పేరుతో నల్లగొండ నుంచి లోక్‌సభకు పోటీ చేశారు. ఆ పల్లెల జనం ఆయనకు మూడు లక్షలకు పైగా ఓట్లు వేశారు. నెహ్రూకు వచ్చినవాటి కంటే అవి ఎక్కువ.