పెట్టె సర్దుకోని పరదేశి

చైనా బాస్కెట్‌బాల్‌ లీగులో విదేశీ ఆటగాడి జీతం ఎంత పెద్దదైనా, బతుకు మాత్రం సీజన్‌ కూలీదే. సీజన్‌ మొదట్లో విమానం దిగుతాడు. క్లబ్బు ఒక హోటల్‌ గదినీ ఒక దుబాసీనీ చూపిస్తుంది. ఆ రోజు నుంచి మ్యాచ్‌కు ముప్ఫై పాయింట్లు కొట్టడం అతని పని. వరసగా నాలుగు మ్యాచులు ఓడితే యజమాని కోపం ముందు అతని మీదే పడుతుంది. వారం తిరక్కముందే ఇంకో అమెరికన్‌ అదే గదిలో దిగుతాడు. బాగా ఆడినా అంతే, సీజన్‌ అయిపోగానే తిరుగు టికెట్టు. అభిమానులకు పేరు నోరు తిరిగేసరికి మనిషి ఉండడు.

2010 జనవరిలో స్టెఫాన్‌ మార్బరీ షాన్‌షీ రాష్ట్రంలోని తైయువాన్‌లో దిగినప్పుడు అతని నుంచి ఇంతకు మించి ఎవరూ ఆశించలేదు. నిజానికి ఇంత కూడా ఆశించలేదు. ముప్ఫై మూడేళ్లు నిండబోతున్నాయి. అమెరికా లీగు ఎన్‌బీఏలో పిలిచేవాళ్లు లేరు. అలాంటివాడికి మూడేళ్లు తిరక్కముందే బీజింగ్‌లో స్టేడియం ముందు కంచు విగ్రహం వెలిసింది.

అమెరికన్‌ పత్రికలు ఈ కథను దారితప్పిన మనిషి దూరదేశం వెళ్లి మంచివాడైన కథగా చెబుతాయి. ఆ వరస నాకు అంతగా నమ్మబుద్ధి కాదు. మనిషి పెద్దగా మారలేదు. అతను దిగిన చోటు వేరు, అక్కడి లెక్క వేరు. అన్నిటికన్నా ముఖ్యం, ఆట అయిపోయాక కూడా అతను అక్కడే ఉన్నాడు.

సముద్రపొడ్డు కాలనీ

న్యూయార్క్‌లోని బ్రూక్లిన్‌కు దక్షిణపు కొసన, అట్లాంటిక్‌ ఒడ్డున ఉంటుంది కోనీ ఐలండ్‌. వేసవిలో జెయింట్‌ వీల్‌ ఎక్కడానికీ హాట్‌డాగ్‌లు తినడానికీ నగరమంతా అక్కడికి తరలివస్తుంది. ఆ సందడి చెవిన పడేంత దూరంలోనే పేదలకు ప్రభుత్వం కట్టించిన ఎత్తయిన అపార్ట్‌మెంట్లు. మార్బరీ 1977 ఫిబ్రవరి 20న పుట్టి అక్కడే పెరిగాడు. ఏడుగురు పిల్లల్లో ఆరోవాడు. ఎరిక్, డానీ, నార్మన్‌ అని ముగ్గురు అన్నలు. ముగ్గురూ అబ్రహాం లింకన్‌ హైస్కూల్‌ జట్టుకు ఆడారు, ముగ్గురిలోనూ ఊరు ఒక స్టార్‌ని చూసింది, ముగ్గురికీ ఎన్‌బీఏ గడప అందలేదు. తర్వాతి వంతు స్టెఫాన్‌ది. ఒక్కో అన్న ఎక్కడ ఆగిపోయాడో ఇంట్లో అందరికీ తెలుసు. ఆ తప్పు ఈసారి జరక్కూడదన్న పట్టుదలలో పెరిగాడు.

బ్రూక్లిన్‌ పిల్లల బాస్కెట్‌బాల్‌ మీద డార్సీ ఫ్రే రాసిన ‘ద లాస్ట్‌ షాట్‌’ 1994లో వచ్చింది. హైస్కూల్లో కొత్తగా చేరిన పద్నాలుగేళ్ల మార్బరీ అందులో ఒక పాత్ర. ఆ తర్వాత స్పైక్‌ లీ కోనీ ఐలండ్‌ నేపథ్యంగా, లింకన్‌ హైస్కూల్‌ స్టారే హీరోగా సినిమా తీశాడు. 1998 నాటి ఆ ‘హీ గాట్‌ గేమ్‌’లో హీరో రే అలెన్‌. ఎన్‌బీఏ జట్లు కొత్త కుర్రాళ్లను ఎంచుకునే 1996 డ్రాఫ్ట్‌లో మిల్వాకీ మార్బరీని నాలుగో స్థానంలోనూ, మినెసోటా అలెన్‌ను అయిదో స్థానంలోనూ తీసుకుని, అదే రోజు ఇద్దరినీ మార్చుకున్నాయి. మొత్తానికి కోనీ ఐలండ్‌ కుర్రాడి వేషం తెర మీద ఇంకొకరికే దక్కింది.

మినెసోటాలో కెవిన్‌ గార్నెట్‌ ఉన్నాడు. ఇద్దరూ ఇరవై నిండీ నిండని కుర్రాళ్లు, స్నేహితులు. వచ్చిన తొలి సీజన్లోనే జట్టు చరిత్రలో మొదటిసారి ప్లేఆఫ్స్‌కు వెళ్లింది. 1997లో గార్నెట్‌ ఆరేళ్లకు 12.6 కోట్ల డాలర్ల ఒప్పందం చేసుకున్నాడు. మతిపోయిన యజమానులు మరుసటి ఏడాది లాకౌట్‌ పెట్టి జీతాలకు పరిమితి తెచ్చారు. ఆ కొత్త లెక్కలో మార్బరీకి దక్కేది ఏడు కోట్ల పైచిలుకే. పక్కవాడికి అందులో దాదాపు రెట్టింపు. 1999 మార్చిలో న్యూజెర్సీకి వెళ్లిపోయాడు. కలిసి ఉంటే టైటిళ్లు గెలిచేవాళ్లని ఈనాటికీ అనుకునేవాళ్లున్నారు. డబ్బు కోసమే వెళ్లాడన్నారు, ఊరి మీద బెంగతోనన్నారు. రెండూ నిజమే కావచ్చు.

న్యూజెర్సీ, ఫీనిక్స్‌. రెండుసార్లు ఆల్‌స్టార్‌. 2004 జనవరిలో సొంతూరి జట్టు న్యూయార్క్‌ నిక్స్‌. ఎక్కడికి వెళ్లినా పాయింట్లు వచ్చాయి, గెలుపులు రాలేదు. 2004 ఏథెన్స్‌ ఒలింపిక్స్‌లో స్పెయిన్‌ మీద 31 పాయింట్లు కొట్టాడు. ఒక ఒలింపిక్‌ మ్యాచ్‌లో అమెరికన్‌ ఆటగాడికి అది అప్పటికి రికార్డు. అమెరికాకు మాత్రం కాంస్యమే మిగిలింది. తిట్లు తిన్నవాళ్లలో అతనూ ఉన్నాడు.

పదిహేను డాలర్ల బూట్లు

2006లో అతను చేసిన ఒక పని, చైనా కథకు అసలు మొదలు. స్టీవ్‌ అండ్‌ బ్యారీస్‌ అనే చవక బట్టల దుకాణాలతో కలిసి ‘స్టార్‌బరీ’ పేరుతో బూట్లు తెచ్చాడు. ధర 14.98 డాలర్లు. ఇతర స్టార్ల బూట్లు వంద దాటుతున్న కాలమది. వాటి కోసం పేదపిల్లలు కొట్టుకు చచ్చేవారు, అక్షరాలా. తన కాలనీలో తల్లులు ఏం కొనగలరో తెలిసినవాడు కాబట్టి పెట్టగలిగిన ధర అది. ఆ బూట్లే వేసుకుని ఎన్‌బీఏ మ్యాచులూ ఆడాడు. రెండేళ్లకు స్టీవ్‌ అండ్‌ బ్యారీస్‌ దివాలా తీసింది, బూట్లు అరల్లోంచి మాయమయ్యాయి.

అదే కాలంలో న్యూయార్క్‌లో ఆటా చెడింది. కోచ్‌ ఐజయా థామస్‌తో తగువు. 2007 డిసెంబరులో తను కోర్టులో ఆడుతుండగానే తండ్రి గుండె ఆగింది. మ్యాచ్‌ ముగిశాకే అతనికి తెలిసింది. కొత్త కోచ్‌ మైక్‌ డాంటోని అతన్ని ఆడించనే లేదు. రెండు కోట్ల డాలర్ల జీతం తీసుకుంటూ సివిల్‌ దుస్తుల్లో కూర్చున్న ఆటగాణ్ని న్యూయార్క్‌ జనం ఏమన్నారో ఊహించుకోవచ్చు. 2009 వేసవిలో గంటల తరబడి ఇంటర్నెట్‌లో లైవ్‌ పెట్టాడు. కెమెరా ముందు ఏడ్చాడు, గొంతు నొప్పికి మందంటూ వేజలైన్‌ తిన్నాడు. దేశమంతా నవ్వింది. ఆ రోజుల్లో చచ్చిపోవాలనిపించేదని చాలా ఏళ్ల తర్వాత టీవీ ఇంటర్వ్యూలో చెప్పాడు. నవ్వినవాళ్లలో ఎవరికీ ఆ సంగతి తట్టలేదు.

షాన్‌షీ బ్రేవ్‌ డ్రాగన్స్‌ యజమాని వాంగ్‌ షింగ్‌జియాంగ్‌ ఉక్కు వ్యాపారి. తైయువాన్‌ది బొగ్గు రాష్ట్రం, బొగ్గు గాలి. మార్బరీ అక్కడికి ఆట మీద ప్రేమతో వెళ్లలేదు, బూట్లు అమ్ముకోవడానికి వెళ్లాడు. నూట ముప్ఫై కోట్ల జనం, వాళ్లలో బాస్కెట్‌బాల్‌ పిచ్చివాళ్లు కోట్లకు కోట్లు. అమెరికాలో మూతపడిన కొట్టును అక్కడ తెరవాలన్నది ఆలోచన. దీన్ని ఎవరూ దాచలేదు. 2010 మార్చిలోనే చైనా ఆల్‌స్టార్‌ మ్యాచ్‌ ఆడి, అందులో ఉత్తమ ఆటగాడయ్యాడు. కానీ మరుసటి సీజన్‌కు షాన్‌షీకి అతను అక్కర్లేకపోయాడు. దక్షిణాన ఫోషాన్‌కు వెళ్తే అక్కడా ఒక్క సీజనే. రెండేళ్లలో రెండు ఊళ్లు మారాడు. సీజన్‌ కూలీలు సాధారణంగా ఇక్కడే పెట్టె సర్దుతారు.

2011లో బీజింగ్‌ డక్స్‌ పిలిచింది. దాని యజమాని షౌగాంగ్‌, అంటే రాజధాని ఉక్కు కంపెనీ. బీజింగ్‌ ఒలింపిక్స్‌ ముందు నగరం గాలి బాగుపడాలని కొలుముల్ని హెబెయ్‌ తీరానికి తరలించడం మొదలుపెట్టారు. ఫ్యాక్టరీ వెళ్లిపోయినా పాత పేటలో దాని బాస్కెట్‌బాల్‌ జట్టు మిగిలింది. ఆ జట్టు ఎన్నడూ లీగ్‌ టైటిల్‌ గెలవలేదు. కోచ్‌ మిన్‌ లూలెయ్‌ అదే క్లబ్బులో ఆడి ఎదిగినవాడు, నెమ్మదస్తుడు.

కమిసార్‌ మా

అప్పటి నిబంధన ఒకటి తెలుసుకోవాలి. జట్టుకు ఇద్దరు విదేశీయులు. ఇద్దరూ కలిపి ఆరు క్వార్టర్లకు మించి ఆడకూడదు. నాలుగో క్వార్టర్‌లో ఒక్కడే కోర్టులో ఉండాలి. కాబట్టి ఎంత గొప్పవాడైనా పక్కన నలుగురు చైనా కుర్రాళ్లు లేకుండా ఆఖరి పన్నెండు నిమిషాలు గడవవు. చాలామంది విదేశీ స్టార్లు ఈ చిన్న లెక్క దగ్గరే బోల్తాపడ్డారు. అదే సీజన్లో ఎన్‌బీఏ లాకౌట్‌ పుణ్యమా అని జె.ఆర్‌. స్మిత్‌ జెజియాంగ్‌కు వచ్చి లీగులో అందరికన్నా ఎక్కువగా, సగటున 34 పాయింట్లు కొట్టాడు. జట్టు ప్లేఆఫ్స్‌కు కూడా వెళ్లలేదు. మరుసటి ఏడాది చింగ్‌డావోకు ఎన్‌బీఏ స్టార్‌ ట్రేసీ మెక్‌గ్రేడీ వస్తే స్టేడియాలు నిండాయి, ఆ జట్టు అట్టడుగున తేలింది.

మార్బరీ ఎన్‌బీఏలో మోసిన నింద, బంతి చేతిలోంచి వదలడని. చైనాలో బంతి అతని చేతిలో ఉండటమే జట్టుకు కావలసింది. అతను పాయింట్‌ గార్డు, దాన్ని ఎవరికి ఎప్పుడు ఇవ్వాలో తెలుసు. లోపల పొడగరి రాండాల్ఫ్‌ మోరిస్‌, బయట చైనా కుర్రాళ్లు. వాళ్లు షాట్‌ తప్పితే మళ్లీ వాళ్లకే ఇచ్చేవాడు. ప్రాక్టీసులో, బస్సులో, విరామంలో పక్కన కూర్చోబెట్టుకుని దుబాసీ ద్వారా గంటలకొద్దీ నూరిపోసేవాడు. అభిమానులు దానికి ముచ్చటపడి ‘కమిసార్‌ మా’ అని పేరు పెట్టారు. కమిసార్‌ అంటే ఎర్రసైన్యంలో సిపాయిల మనసులు చూసుకునే రాజకీయ అధికారి. మా అన్నది చైనా నోట్లో మార్బరీ ఇంటిపేరు. ఒకప్పుడు తోటి ఆటగాళ్లతో పడదని పేరుమోసిన మనిషికి దక్కిన బిరుదిది.

ఆ సీజన్‌ను డక్స్‌ వరసగా పదమూడు గెలుపులతో మొదలుపెట్టింది. సెమీస్‌లో ఎదురుపడింది పాత యజమాని జట్టు షాన్‌షీ. తైయువాన్‌ జనం ఆగ్రహం మధ్య ఆడి అయిదో మ్యాచ్‌లో గట్టెక్కారు. ఫైనల్లో గ్వాంగ్‌డాంగ్‌. గడచిన ఎనిమిది టైటిళ్లలో ఏడు దానివే. ఏడు మ్యాచుల సిరీస్‌ అయిదింటిలోనే తేలిపోయింది. 2012 మార్చి 30న, ఒలింపిక్స్‌కు కట్టిన ఊకసాంగ్‌ స్టేడియంలో 124-121. మార్బరీ 41 పాయింట్లు. చివరి గంట మోగాక కోర్టులోనే ఏడ్చేశాడు. ఈసారి నవ్వినవాళ్లు లేరు.

2014లో షిన్‌జియాంగ్‌ మీద, 2015లో లియావోనింగ్‌ మీద మళ్లీ గెలిచారు. నాలుగేళ్లలో మూడు టైటిళ్లు. 2015 ఫైనల్స్‌లో ఉత్తమ ఆటగాడిగా తొలిసారి ఒక విదేశీయుణ్ని ప్రకటించారు, అతను ఎవరో చెప్పక్కర్లేదు. అప్పటికి అతనికి 38.

ఊరు అతన్ని సొంతం చేసుకున్న తీరు మాత్రం ఆటకన్నా వింతగా ఉంటుంది. బీజింగ్‌ మెట్రోలో మామూలు ప్రయాణికుడిలా కనిపించేవాడు, జనం ఫొటోలు తీసి పంచుకునేవారు. 2014లో అతని జీవితం మీద సంగీత నాటకం ఆడితే అతనే తన వేషం కట్టాడు. గౌరవ పౌరసత్వం ఇచ్చారు. మ్యూజియం పెట్టారు. 2015 చివర్లో శాశ్వత నివాస పత్రం చేతికొచ్చింది. చైనాలో విదేశీయులకు అది ఎంత అరుదుగా దొరుకుతుందో అక్కడ వ్యాపారాలు చేసేవాళ్లను అడిగితే చెబుతారు. 2017లో అతని కథతో సినిమా వచ్చింది, అందులోనూ అతనే హీరో. రే అలెన్‌ లెక్క అలా తేలింది.

ఇదంతా నిష్కల్మషమైన ప్రేమేనా అంటే, కాదు. బూట్ల వ్యాపారం నడుస్తూనే ఉండేది. విదేశీయుడు తమ దేశాన్ని పొగుడుతుంటే ప్రభుత్వాలకూ ముద్దే. ఎన్‌బీఏలో 15 కోట్ల డాలర్లకు పైగా జీతాలందుకున్నవాడు ఊరకే ఏదీ చేయడు. అయినా, లాభం చూసుకున్న విదేశీ ఆటగాళ్లు వందల మంది ఉన్నారు. ఓడిన రెండేళ్లు కూడా అక్కడే ఉన్నవాళ్లు చాలా తక్కువ.

2017లో డక్స్‌ అతన్ని ఇక ఆటగాడిగా వద్దంది, అసిస్టెంట్‌ కోచ్‌గా ఉండమంది. అతను ఆడతానన్నాడు. విగ్రహం పెట్టించుకున్నవాణ్నీ నలభై దాటితే క్లబ్బు లెక్కల పుస్తకంలోనే చూస్తుంది. మనకూ ఇది కొత్త కాదు. 2016లో ఐపీఎల్‌ కప్పు తెచ్చి, లాక్‌డౌన్‌లో ‘బుట్టబొమ్మ’కు స్టెప్పులేసి, తెలుగిళ్లలో వార్నర్‌ మామ అయిపోయిన మనిషిని 2021లో సన్‌రైజర్స్‌ సీజన్‌ మధ్యలో కెప్టెన్సీ నుంచి దింపింది, తర్వాత జట్టులోంచే తప్పించింది. అభిమానుల గుండెకోత క్లబ్బుల చెవికెక్కదు.

మార్బరీ ఊరు దాటలేదు. అదే బీజింగ్‌లోని రెండో జట్టు ఫ్లై డ్రాగన్స్‌లో చేరి ఒక సీజన్‌ ఆడాడు. 2018 ఫిబ్రవరి 11న, 41వ పుట్టినరోజుకు తొమ్మిది రోజుల ముందు, ఆఖరి మ్యాచ్‌లో 20 పాయింట్లు కొట్టి గెలిపించి బూట్లు విప్పాడు. 2019 వేసవిలో అదే క్లబ్బుకు, రాయల్‌ ఫైటర్స్‌గా పేరు మారాక, హెడ్‌ కోచ్‌ అయ్యాడు.

2020 మార్చిలో న్యూయార్క్‌ ఆసుపత్రుల్లో మాస్కులు నిండుకున్నప్పుడు చైనా తయారీదారులతో మాట్లాడి కోటి ఎన్‌95 మాస్కుల్ని ఒక్కోటి 2.75 డాలర్లకు పంపే ఏర్పాటుకు ప్రయత్నించాడు. బజారులో అవి ఏడున్నర పలుకుతున్నాయి. చవక ధర కట్టడం అతనికి అలవాటైన పనే. ఫిబ్రవరి నుంచి ఆగిపోయిన చైనా లీగును జూన్‌ 20న చింగ్‌డావో, డాంగ్‌గువాన్‌లలో ప్రేక్షకులు లేకుండా మళ్లీ మొదలుపెట్టారు. చాలా క్లబ్బుల విదేశీ ఆటగాళ్లు తిరిగి రాలేదు, కొందరికి విమానాలు దొరక్క, కొందరికి ధైర్యం చాలక. రాయల్‌ ఫైటర్స్‌ కోచ్‌ మాత్రం పనిలోకి దిగాడు.