గాజుపూస చెప్పిన సాక్ష్యం

పుదుచ్చేరికి దక్షిణాన, అరియాంకుప్పం నది ఒడ్డున ఉన్న అరికమేడు రెండువేల యేండ్లనాటి రేవు. 1945లో మార్టిమర్ వీలర్ త్రవ్వకాలతో ఆ పేరు లోకానికి తెలిసింది. అచ్చటి చిన్న గాజుపూసల గాజు ఎట్టిదో తెలియాలంటే మాత్రం ముక్క విరిచి కరిగించవలసి వచ్చేది. పూస పోయిన పిమ్మట జవాబెందుకు?

ఫ్రాన్సులో బెర్నార్ గ్రతూజ్ పురాతన గాజుకు లేసరు పద్ధతిని తీర్చిదిద్దగా, లార్ దుస్సుబియో దానిని భారతీయ పూసలకు వర్తింపజేశారు. కిరణం తాకినచోట వెంట్రుక మందమంత గుంట పడుతుంది, కంటికి ఆనదు. లేచిన ధూళిలోని మూలకాలను మాస్ స్పెక్ట్రోమీటరు లెక్కిస్తుంది. అయితే పైపొర అబద్ధమాడుతుంది! శతాబ్దాల తేమకు అందులోని క్షారాలు కరిగిపోతాయి. కనుక మొదటి క్షణాల లెక్కను విడిచివేస్తారు.

అరికమేడు గాజు ఒక్కటి కాదని తేలింది. కొన్నిట పొటాష్ హెచ్చు. మరికొన్నిట సోడాతోపాటు అల్యూమినా హెచ్చు. ఈ రెండవది దక్షిణాసియా కొలిమికి గుర్తు.