గుట్టల మీది జంగ్లీ బేర్: మేతకు, నీడకు, ఆఖరి గుస్ల్‌కు

నల్గొండ, మహబూబ్‌నగర్ వైపు రాళ్ల గుట్టల మీద, ఎర్ర చెల్కల గట్ల మీద ముళ్ల పొదలా పెరిగేది అడవి రేగు. ముస్లిం ఇళ్లలో దీన్నే జంగ్లీ బేర్ అంటారు. బజారులో అమ్మే పెద్ద గంగరేగు కంటే దీని పండు చిన్నది, పులుపెక్కువ.

గుర్తుపట్టడం తేలికే. ఆకు మొదట్లోనే మూడు ఈనెలు కనిపిస్తాయి. ఆకు అడుగున తెల్లటి నూగు ఉంటుంది. కొమ్మకు వంకర ముళ్లుంటాయి. వేరు చాలా లోతుకు దిగుతుంది కాబట్టి వానలు తక్కువైనా తట్టుకుంటుంది. పండ్లు చలికాలంలో వస్తాయి. ఆకు మేకలకు మంచి మేత. పొద పిట్టలకు గూడు.

ఖురాన్‌లో సబా, నజ్మ్, వాఖియా సూరాల్లో 'సిద్ర్' ప్రస్తావన ఉంది. సిద్ర్ అంటే రేగు జాతి చెట్టే. మయ్యిత్‌కు సిద్ర్ ఆకు నీళ్లతో గుస్ల్ ఇవ్వాలని, చివరిసారి కర్పూరం కలపాలని ప్రవక్త (స) చెప్పినట్లు ఉమ్మె అతియ్యా (ర) ఉల్లేఖించిన హదీసు బుఖారీ, ముస్లిం గ్రంథాల్లో ఉంది. మన దగ్గర అందుకు బేరీ ఆకే వాడతారు. ఆకులో సపోనిన్లు ఉంటాయి. నలిపి నీళ్లలో కలిపితే సబ్బులా నురగ వస్తుంది.

సిద్ర్ చెట్టును నరకడం గురించి అబూ దావూద్‌లో గట్టి హెచ్చరిక ఉంది. బాటసారులకు, పశువులకు నీడనిచ్చే ఎడారి చెట్టును ఏ హక్కూ లేకుండా, అన్యాయంగా నరికేవారికే ఇది వర్తిస్తుందని ఇమామ్ అబూ దావూద్ వివరించారు. అంటే అవసరానికి ఆకు కోసుకోవడం తప్పు కాదు. నలుగురికీ పనికొచ్చే చెట్టును ఊరికే నాశనం చేయడమే తప్పు.

గుట్టలు క్వారీలకు, చెల్కలు ప్లాట్లకు పోయినచోట మొదట పోయేవి ఈ పొదలే. 2,611 చదరపు కిలోమీటర్ల అమ్రాబాద్ పులుల అభయారణ్యంలో అడవికి రక్షణ ఉంది. ఊరి పక్క గుట్టకు అది లేదు. ఇంట్లో మరణం జరిగిన రోజు బేరీ ఆకు కోసం వెతుక్కునే పరిస్థితి రాకూడదంటే ఆ పొదలను ఇప్పుడే కాపాడుకోవాలి.

కొమ్మ కొట్టినా, వేరు పెకిలించకపోతే రేగు మళ్లీ చిగురిస్తుంది. కొత్తగా పెంచాలంటే టెంకను కాస్త పగలగొట్టి, వానాకాలం మొదట్లో పెరగాల్సిన చోటే నాటాలి. వేరు లోతుకు పోతుంది కనుక తర్వాత పీకి మరోచోట పెడితే బతకడం కష్టం. ఖబరస్తాన్ గోడ వెంట ఒకటి రెండు పెంచుకుంటే ఆకు ఎప్పుడూ చేతికందుతుంది.