నూబియా: నైలు తీరాన ఒక ఒడంబడిక



నైలు నది అనగానే మనకు ఈజిప్టు, మూసా (అలైహిస్సలాం) గాథ గుర్తుకు వస్తాయి. ఆ నదికి ఎగువన, అస్వాన్ నుండి తెల్ల నైలు, నీలి నైలు కలిసే ఖార్తూమ్ వరకు విస్తరించిన ప్రాచీన దేశమే నూబియా. ఈ దారిలో నది ఆరు చోట్ల రాళ్ళ మధ్య చీలి ఉరకలెత్తుతుంది. అక్కడ పడవలు సాగడం కష్టం. బయటి సైన్యాలకు అదొక అడ్డుగోడ.

క్రీ.పూ. 8వ శతాబ్దంలో ఇక్కడి కుష్ రాజులు ఈజిప్టునే జయించి పాలించారు. తరువాత మెరోయే నగరం ఇనుముకు, పిరమిడ్లకు పేరుగాంచింది.

హజ్రత్ ఉస్మాన్ (రజి) ఖిలాఫత్ కాలంలో, క్రీ.శ. 652లో, ఈజిప్టు పాలకుడు అబ్దుల్లా బిన్ సఅద్ సేన క్రైస్తవ నూబియా రాజధాని డొంగోలాను ముట్టడించింది. నూబియా విలుకాండ్రు గట్టిగా ఎదిరించారు. చివరకు ఉభయులూ సంధి చేసుకున్నారు. 'బఖ్త్' అనే ఆ ఒడంబడిక, ఒడుదొడుకులున్నా, 13వ శతాబ్దంలో మమ్లూకు సైన్యాలు దండెత్తే వరకు, అంటే దాదాపు ఆరు శతాబ్దాలు నిలిచింది. ఆ కాలంలో వర్తకం ద్వారా, వివాహ బంధాల ద్వారా ఇస్లాం మెల్లగా ఆ తీరానికి చేరింది.

అయితే చరిత్రను సగమే చెప్పడం న్యాయం కాదు. చరిత్రకారుల కథనం ప్రకారం, ఈజిప్టు ధాన్యం, వస్త్రాలు పంపితే, నూబియా ఏటా సుమారు 360 మంది బానిసలను పంపేది. ఆ అభాగ్యుల సమ్మతిని ఎవరూ అడగలేదు.

ఇచ్చిన మాట నిలుపుకోవడం విశ్వాసి లక్షణం. ఆ మాట భారం ఏ బలహీనుని భుజాన పడుతుందో ముందే చూడటం కూడా మన బాధ్యతే. అల్లాహ్ మనకు ఆ న్యాయదృష్టిని ప్రసాదించుగాక! ఆమీన్.