తొలి టాకీ కథానాయిక – సురభి కమలాబాయి

తెలుగు నాటకరంగపు తొలి దశాబ్దాలలో స్త్రీ పాత్రలను చాలావరకు పురుషులే ధరించేవారు. సత్యభామ వేషంలో స్థానం నరసింహారావుగారు ఆర్జించిన కీర్తి మనకు తెలిసినదే. కుటుంబస్త్రీ ముఖానికి రంగు పూసుకొని రంగస్థలం ఎక్కడాన్ని నాటి సంఘం సహించేది కాదు. ఈ కట్టుబాటుకు లొంగని సమాజం ఒకటి కడప మండలంలో పుట్టింది. 1885లో సురభి గ్రామంలో వనారస గోవిందరావుగారు ‘కీచకవధ’తో ప్రారంభించిన ఆ సమాజంలో తల్లి, తండ్రి, బిడ్డలు అందరూ నటులే. స్త్రీ పాత్రలను స్త్రీలే పోషించారు.

కమలాబాయి ఆ సురభి బిడ్డ. దమయంతి వేషంలో ఉన్న తల్లికి రంగస్థలం మీదనే నొప్పులు రాగా, తెర దించిన కొంతసేపటికి ఈమె జన్మించిందని చెబుతారు. బాల్యంలో కృష్ణుడు, ప్రహ్లాదుడు వంటి వేషాలు ధరించి, నడక నేర్చిన నాటినుండి పద్యమూ నేర్చింది.

ఆ విద్యయే ఆమెను బొంబాయికి చేర్చింది. హెచ్.ఎం. రెడ్డిగారు ‘భక్త ప్రహ్లాద’ను తలపెట్టినప్పుడు సురభివారు ఆడుతున్న ధర్మవరం రామకృష్ణమాచార్యులవారి నాటకమే ఆధారమయింది. హిరణ్యకశిపుడుగా మునిపల్లె సుబ్బయ్యగారు, లీలావతిగా కమలాబాయి నటించారు. నేపథ్యగానం అప్పటికి లేదు. నటించేవారే కెమెరా ఎదుట నిలిచి, అభినయిస్తూ, అదే క్షణంలో పాడవలెను. వాద్యకారులు తెరపై కనబడకుండా ఏదో ఒక మూల కూర్చొనేవారు. మాట తడబడినా, శ్రుతి తప్పినా ఆ దృశ్యాన్ని తిరిగి తీయవలసినదే. అందగత్తెలు ఎందరున్నా, ఈ పరీక్షకు నిలువగలిగినది రంగస్థలంపై ఆరితేరిన కంఠం మాత్రమే అని నా అభిప్రాయం.

ఈ చిత్రం 1931లో విడుదలయిందని చాలాకాలం భావించారు. 1932 ఫిబ్రవరి 6న బొంబాయిలో తొలిసారి ప్రదర్శితమయిందని తరువాతి పరిశోధకులు నిరూపించారు. చిత్రం ప్రతి నేడు లభించడం లేదు.

అదే సంవత్సరం సాగర్ మూవీటోన్ వారి ‘పాదుకా పట్టాభిషేకం’లో సీతగానూ, ‘శకుంతల’లో కథానాయికగానూ ఆమె నటించింది. ఈ రెండింటిలోనూ నాయకుడు యడవల్లి సూర్యనారాయణగారు. పిమ్మట బొంబాయిలోనే ఉండి హిందీ చిత్రాలలోనూ పాత్రలు ధరించింది.

కొత్త తారలు వచ్చారు, నేపథ్యగానం వచ్చింది. పాడగల నటి అవసరం క్రమంగా తగ్గింది. 1951లో ‘పాతాళభైరవి’ వచ్చేనాటికి కమలాబాయి తల్లి పాత్రలకు చేరింది. తోటరాముడిని నేటికీ గుర్తుంచుకొన్న ప్రేక్షకులలో, అతని తల్లిగా కనిపించిన ఆమె తెలుగు టాకీల తొలి కథానాయిక అని ఎరిగినవారు స్వల్పం.